సంజాయిషీ నోటీసు పుట్టిన కథ

రేషను షాపు మీద దాడి జరిగిందంటే ఆ కబురు ఊరంతా పాకడానికి ఎంతోసేపు పట్టదు. డిప్యూటీ తహసీల్దారో విజిలెన్సు వాళ్లో జీపు దిగుతారు. బస్తాలు లెక్కపెడతారు, కాటా వేస్తారు, స్టాకు రిజిస్టరు తిరగేస్తారు. పుస్తకంలో ఉన్నదానికీ గదిలో ఉన్నదానికీ తేడా తేలితే ఇద్దరు మధ్యవర్తుల ముందు పంచనామా రాసి సరుకు స్వాధీనం చేసుకుంటారు. సాయంత్రానికల్లా రచ్చబండ దగ్గర తీర్పు కూడా వచ్చేస్తుంది: "వాడు తిన్నాడు, షాపు ఊడింది." కానీ షాపు అప్పుడే ఊడదు. కొన్నాళ్లకు ఆర్డీవో ఆఫీసు నుంచి డీలరుకు ఒక కాగితం వస్తుంది. మీ మీద వచ్చిన ఆరోపణలు ఇవి, మీ ఆథరైజేషను ఎందుకు రద్దు చేయకూడదో గడువులోగా సంజాయిషీ ఇచ్చుకోండి అని అందులో ఉంటుంది.

ఊరివాళ్లకు ఇది వింతగానే తోస్తుంది. దొరికిపోయినవాణ్ణి మళ్లీ అడిగేదేమిటి? షాపు ఇచ్చింది సర్కారు కదా, ఇచ్చినవాళ్లకు తీసుకునే హక్కు ఉండదా? కార్డు మీద బియ్యం అందక తిరిగి తిరిగి విసిగినవాళ్ల నోట ఈ ప్రశ్న వచ్చినప్పుడు తేలిగ్గా కొట్టిపారేయలేం. పెద్ద పెద్ద న్యాయమూర్తులే దీని ముందు తడబడ్డారు, ఒకసారి ముందుకు వెళ్లి మళ్లీ వెనక్కి వచ్చారు. ఆ పొడవాటి కాగితం వెనక మూడు శతాబ్దాల కథ ఉంది.

కథ మొదలయ్యేది బియ్యం దగ్గర కాదు, డిగ్రీల దగ్గర. ఇంగ్లండులో కేంబ్రిడ్జి ట్రినిటీ కళాశాలకు అధిపతిగా ఉన్న రిచర్డ్ బెంట్లీ మహా పండితుడు, అంతకు మించిన జగడాలమారి. డిగ్రీ ఇచ్చేటప్పుడు వసూలు చేసిన రుసుము గురించి మరో పండితుడు ఆయన మీద విశ్వవిద్యాలయ కోర్టులో దావా వేశాడు. సమను పట్టుకొచ్చిన బంట్రోతు ముందే బెంట్లీ ఆ కోర్టును తూలనాడాడు. విశ్వవిద్యాలయానికి ఒళ్లు మండింది. 1718లో ఆయన్ను పిలవకుండా, ఒక్క మాట అడగకుండా డిగ్రీలన్నీ ఊడబెరికింది. బెంట్లీ ఊరుకునే మనిషి కాదు, రాజుగారి న్యాయస్థానం దాకా వెళ్లాడు. 1723లో ఆ కోర్టు ఆయన డిగ్రీలు తిరిగి ఇచ్చేయమంది. ఆ సందర్భంలో ఒక న్యాయమూర్తి బైబిల్లోని ఏదెను తోట కథ ఎత్తుకున్నాడు. ఆదాము పండు తిన్నాడని దేవుడికి తెలియక కాదు, అయినా శిక్ష వేసేముందు పిలిచి, తిన్నావా అని అడిగాడు కదా అన్నాడు. మన రచ్చబండ ప్రశ్నకు ఇంతకన్నా సూటైన జవాబు నాకు ఇంకెక్కడా కనబడలేదు. మంచి న్యాయసూత్రాలు మంచివాళ్ల కేసుల్లోనే పుట్టాలని లేదు. ఈ కథ పొడుగునా నోరు మంచిది కాని పండితులూ, లెక్కలు సరిగా లేని వ్యాపారులూ మనకు తగులుతూనే ఉంటారు.

ఆ తర్వాతి శతాబ్దంలో లండను దగ్గర వాండ్స్‌వర్త్‌లో ఒక మేస్త్రీ ఇల్లు కడుతున్నాడు. పునాది తీసేముందు స్థానిక బోర్డుకు నోటీసు ఇవ్వాలన్నది చట్టం. ఇచ్చానని అతను, రాలేదని బోర్డు. రెండో అంతస్తు లేస్తుండగా ఒక సాయంత్రం బోర్డు మనుషులు వచ్చి ఇంటిని నేలమట్టం చేశారు. కూల్చే అధికారం చట్టంలో స్పష్టంగా ఉంది. కూల్చేముందు అడగాలని మాత్రం ఎక్కడా లేదు. అయినా 1863లో కోర్టులో మేస్త్రీయే గెలిచాడు. చట్టం నోరు మెదపని చోట న్యాయమే ఆ ఖాళీ పూరిస్తుందని కోర్టు తేల్చింది. అడిగి ఉంటే అతను పంపిన కాగితం దారిలో ఎక్కడో తప్పిపోయిందేమో తెలిసేది కదా! అడగడంలో ఉన్న ప్రయోజనం అదే. అవతలివాడి దగ్గర మనకు తెలియనిది ఏదో ఒకటి ఉండొచ్చు.

దారి పడింది కదా, ఇక నడవడమే అనుకుంటాం. కానీ ఇరవయ్యో శతాబ్దంలో ఆ దారి మూసుకుపోయింది. రెండో ప్రపంచ యుద్ధం వచ్చి బట్ట, బొగ్గు, కిరోసిను, తిండిగింజలు అన్నీ కంట్రోలులోకి వెళ్లాయి. 1943 బెంగాలు కరువు లక్షల ప్రాణాలు తీసుకున్నాక మన నగరాల్లో రేషను విధానం బలపడింది. యుద్ధం ముగిసినా కంట్రోళ్లు పోలేదు. 1946లో తాత్కాలికమంటూ నిత్యావసరాల చట్టం వచ్చింది, 1955లో దాని స్థానంలో శాశ్వతంగా నిత్యావసర సరుకుల చట్టం వచ్చింది. దేనికైనా లైసెన్సే. ఆ లైసెన్సు ఇచ్చేదీ తీసేదీ ఒక అధికారి. కొరత కాలంలో దొంగ వ్యాపారిని క్షణాల్లో ఏరిపారేయాలి, నోటీసులూ వాయిదాలూ అంటూ కూర్చుంటే జనం ఆకలితో చస్తారు అన్నది ప్రభుత్వాల వాదన. అందులో కొంత నిజం లేకపోలేదు.

సింహళంలో, అంటే ఇప్పటి శ్రీలంకలో, నక్కుడ అలీ అనే బట్టల వ్యాపారి ఈ వాదనకు ఎదురు నిలిచాడు. అక్కడ బట్ట కూపన్ల మీద అమ్మాలి. అందిన కూపన్లను వ్యాపారి బ్యాంకులో జమ చేయాలి. అతను జమ చేసినట్టు చూపిన లెక్కలను దిద్దారని టెక్స్‌టైల్ కంట్రోలరు జయరత్నకు అనుమానం వచ్చి లైసెన్సు రద్దు చేశాడు. మన రేషను డీలరు కేసుకు ఇది అచ్చమైన అన్న. వివాదం లండనులోని ప్రివీ కౌన్సిలు దాకా వెళ్లింది. 1950లో అక్కడ వ్యాపారి ఓడిపోయాడు. లైసెన్సు అన్నది హక్కు కాదు, సర్కారు చూపిన ఒక వెసులుబాటు. దాన్ని వెనక్కి తీసుకునే కంట్రోలరు న్యాయమూర్తిలా కూర్చుని ఇరుపక్షాల మాట వినక్కర్లేదు అన్నారు. ఊళ్లో జనం అనే మాటనే లండను పెద్దలు నల్లకోటు వేసుకుని అన్నారన్నమాట. అప్పటికి భారతదేశం మీద ప్రివీ కౌన్సిలు పెత్తనం ముగిసిపోయింది. అయినా ఆ మాటకు ఇక్కడ బరువు తగ్గలేదు. కోర్టుకు వెళ్లిన ప్రతి లైసెన్సుదారుడికీ ప్రభుత్వ వకీలు ఈ తీర్పే చూపించేవాడు.

మన సుప్రీంకోర్టు ఈ చిక్కుముడిని మరోవైపు నుంచి విప్పడం మొదలుపెట్టింది. కాన్పూరులో కొందరు బొగ్గు వ్యాపారుల లైసెన్సును 1953లో రద్దు చేశారు. ఉత్తరప్రదేశ్ బొగ్గు కంట్రోలు ఉత్తర్వు ప్రకారం అధికారి కారణాలు రాసిపెట్టుకుంటే చాలు, లైసెన్సు తీసేయొచ్చు. పైగా ఆ అధికారాన్ని తనకు నచ్చిన ఎవరికైనా అప్పగించొచ్చు. 1954లో న్యాయమూర్తి బి.కె.ముఖర్జియా ఆ నిబంధనను కొట్టేశారు. ఆ కారణాలు చూసేవాళ్లు లేరు, సరిదిద్దే పై అధికారి లేడు, అలాంటప్పుడు అధికారి తన తృప్తి కోసం తాను రాసుకున్న కాగితం వ్యాపారికి ఏ రక్షణా ఇవ్వదన్నది ఆ తీర్పు సారం. లైసెన్సు హక్కా, దయా అన్న గొడవలోకి కోర్టు దిగలేదు. వ్యాపారం చేసుకునే స్వేచ్ఛను రాజ్యాంగం ఇచ్చింది కాబట్టి, ఆ స్వేచ్ఛకు వేసే సంకెల న్యాయమైనదేనా అని మాత్రం అడిగింది.

తర్వాతి మలుపు మన కృష్ణా జిల్లాలో. ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన కొత్తలో జిల్లాలోని ప్రైవేటు బస్సు రూట్లను ప్రభుత్వ రవాణా సంస్థకు అప్పగించే పథకం వచ్చింది. బస్సుల యజమానులు అభ్యంతరాలు పెట్టుకున్నారు. చట్టం ప్రకారం వాటిని వినాలి. శాఖ కార్యదర్శి కూర్చుని విన్నాడు కూడా. కానీ ఉత్తర్వు మీద నిర్ణయం తీసుకున్నది ముఖ్యమంత్రి. గుళ్లపల్లి నాగేశ్వరరావు పేరు మీద నడిచిన ఆ కేసు సుప్రీంకోర్టుకు చేరినప్పుడు తీర్పు రాసింది మన రాజమండ్రివాడైన కోకా సుబ్బారావు. వినేది ఒకరు, తేల్చేది మరొకరు అయితే ఆ వినికిడి వట్టి తంతు అని ఆయన తేల్చేశారు. ఎదుటిమనిషి ముఖం చూసి, సందేహం వస్తే అడిగి, జవాబు విని ఒక అభిప్రాయానికి వచ్చేవాడే నిర్ణయం తీసుకోవాలి.

అయితే ఇందులో ఒక పిట్టకథ ఉంది. గెలిచిన సంబరం యజమానులకు ఎన్నాళ్లో నిలవలేదు. ఈసారి ముఖ్యమంత్రి స్వయంగా కూర్చుని వాళ్ల అభ్యంతరాలు విని, పథకాన్ని మళ్లీ ఖరారు చేశారు. ఆయనకు ముందే ఒక అభిప్రాయం ఉందని యజమానులు మళ్లీ కోర్టుకు వెళ్లారు. ఈసారి ఓడిపోయారు. సరైన పద్ధతిలో వింటే చాలు, వింటే ఒప్పుకోవాలనేమీ లేదు. ఇప్పటికీ షోకాజ్ నోటీసు అందిన చాలామంది డీలర్లకు అర్థం కానిది ఇదే. అడగడం అంటే వదిలేయడం కాదు.

ప్రివీ కౌన్సిలు కట్టిన గోడ మాత్రం ఇంకా అలాగే ఉంది. దాన్ని పగలగొట్టింది బ్రైటన్ పట్టణ పోలీసు అధిపతి. కుట్ర కేసులో నిర్దోషిగా బయటపడినా 1958లో ఆయన్ను పిలవకుండానే ఉద్యోగంలోంచి తీసేశారు. 1963లో ఇంగ్లండు అత్యున్నత న్యాయపీఠం ఆయన పక్షం వహిస్తూ, సింహళం తీర్పు దారి తప్పిందని నిష్కర్షగా చెప్పింది. న్యాయమూర్తిలా వ్యవహరించాలని చట్టంలో విడిగా రాసి ఉండక్కర్లేదు, ఒక మనిషి బతుకును దెబ్బతీసే అధికారం చేతిలో ఉంటే వినాల్సిన బాధ్యత దానితోపాటే వస్తుందన్నది దాని సారం.

నాలుగేళ్ల తర్వాత ఆ వెలుగు మన దగ్గరా పడింది. ఒడిశాలో ప్రభుత్వ వైద్యురాలు డాక్టర్ బీనాపాణి దేయి పుట్టినతేదీ మీద ఎవరో ఆకాశరామన్న ఉత్తరాలు రాశారు. ప్రభుత్వం లోలోపల విచారణ జరిపి, ఆమె పుట్టింది 1910లో కాదు 1907లో అని తేల్చి, ముందుగానే రిటైరు చేసింది. విచారణ నివేదిక ఆమెకు చూపించలేదు. ఇది పరిపాలనా వ్యవహారం, కోర్టు పద్ధతులు ఇక్కడ పనికిరావని ప్రభుత్వం వాదించింది. 1967లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. పరిపాలనా ఉత్తర్వే అయినా దానివల్ల మనిషికి నష్టం జరిగేటప్పుడు సహజ న్యాయం పాటించాల్సిందే అంది. 1969లో అటవీ సర్వీసు ఎంపికల కేసులో, పరిపాలనకూ న్యాయవిచారణకూ మధ్య ఉన్న గీతను ఇంకాస్త చెరిపేసింది. ఉద్యోగానికి పోటీపడే అభ్యర్థే ఎంపిక మండలిలో కూర్చున్న విడ్డూరమది. 1978లో మేనకా గాంధీ పాస్‌పోర్టు కేసు వచ్చేసరికి ఈ సూత్రం రాజ్యాంగంలోని సమానత్వపు హక్కుతో, జీవించే హక్కుతో ముడిపడిపోయింది.

ఇక బియ్యం దగ్గరికి వద్దాం. 1981లో మధ్యప్రదేశ్ ప్రభుత్వం చౌకధరల దుకాణాలను సహకార సంఘాలకే ముందుగా ఇవ్వాలని ఒక పథకం తెచ్చింది. బెమెతరా తహసీలు దుకాణదారుల సంఘం సుప్రీంకోర్టుకు వెళ్లింది. తీర్పు రాసింది న్యాయమూర్తి ఓ.చిన్నప్పరెడ్డి. మా దుకాణాలు మాకే ఉండాలన్న వాదన ఆయన ముందు నిలవలేదు. తిండిగింజల వ్యాపారం ఎవరైనా చేసుకోవచ్చు. సర్కారు తరఫున చౌక బియ్యం పంచే పని మాకే ఇవ్వాలని అడిగే ప్రాథమిక హక్కు మాత్రం ఎవరికీ లేదు. పైకి చూస్తే సింహళం తీర్పు మళ్లీ తిరిగొచ్చినట్టే ఉంది. షాపు హక్కు కాదన్నప్పుడు, నోటీసు ఎక్కడినుంచి వస్తుంది?

ఈ ముడిని విప్పే కొస అదే చిన్నప్పరెడ్డి అంతకు ఏడాది ముందు రాసిన మరో తీర్పులో ఉంది. 1980లో న్యూఢిల్లీ మునిసిపల్ కమిటీని రద్దు చేసినప్పుడు సభ్యులకు నోటీసు ఇవ్వలేదు. ఇచ్చినా చెప్పుకోవడానికి వాళ్ల దగ్గర ఏమీ లేదు, నష్టమేమిటి అని ప్రభుత్వం అడిగింది. వినకపోవడమే నష్టం, వేరే నష్టం చూపించక్కర్లేదు అన్నారాయన. నోరు నొక్కినవాళ్లే, వాడికి చెప్పుకునేదేమీ లేదనడం ఏం న్యాయం? రెండు తీర్పులూ పక్కపక్కన పెట్టి చదివితే విషయం తేటపడుతుంది. పథకం మార్చి షాపులన్నీ సహకార సంఘాలకు ఇవ్వడం విధానం. నువ్వు బియ్యం తిన్నావు కాబట్టి నీ షాపు తీసేస్తున్నాం అనడం ఒక మనిషి మీద నేరం మోపడం. మొదటిదానికి నోటీసు అక్కర్లేదు. రెండోదానికి నోటీసు లేకుండా కుదరదు. షాపు మీద హక్కు లేకపోవచ్చు గానీ, దొంగ అనిపించుకునే ముందు మాట్లాడే హక్కు ఉంది.

1983లో ఎన్.టి.రామారావు ప్రభుత్వం కిలో రెండు రూపాయల బియ్యం పథకం తెచ్చాక మన పల్లెల్లో రేషను షాపు విలువే మారిపోయింది. షాపు ఎవరి చేతిలో ఉంటే వాళ్లకు ఊళ్లో పరపతి. దాంతో తూకంలో మోసాలూ పెరిగాయి, గిట్టనివాళ్ల ఫిర్యాదులూ పెరిగాయి. ఏది నిజం, ఏది కక్ష అని తేల్చాల్సిన బరువు ఆర్డీవో మీద పడింది. ఆంధ్రప్రదేశ్ 2008 ప్రజాపంపిణీ నియంత్రణ ఉత్తర్వు ఆయనకు ఆథరైజేషను సస్పెండు చేసే, రద్దు చేసే అధికారం ఇస్తూనే, తగిన విచారణ జరపాలనీ కారణాలు రాతపూర్వకంగా నమోదు చేయాలనీ చెప్పింది. పైన అప్పీలుకు కూడా వీలుంది. కాన్పూరు బొగ్గు కేసులో లేనివి ఆ విచారణా, ఈ అప్పీలూ. సరుకు స్వాధీనం సంగతి వేరే దారిలో నడుస్తుంది. దాన్ని జప్తు చేసుకునే ముందు కూడా కారణాలు చూపి నోటీసు ఇవ్వాలని నిత్యావసర సరుకుల చట్టమే అంటోంది. ఆఫీసుల్లో "సిక్స్ ఏ కేసు" అనేది దీన్నే.

కాగితం మీద పద్ధతి వచ్చేసింది. కానీ అసలు పోరాటం అక్కడినుంచే మొదలైందని నా ఉద్దేశం. ఎందుకంటే పద్ధతిని పాటించినట్టు కనబడుతూ పాటించకపోవడం అంత సులువైన పని ఇంకొకటి లేదు. నోటీసు వెళ్తుంది, డీలరు నాలుగు పేజీల సంజాయిషీ రాస్తాడు, ఉత్తర్వులో మాత్రం ఒకే వాక్యం ఉంటుంది: వివరణ సంతృప్తికరంగా లేదు. ఏది సంతృప్తికరంగా లేదు, ఎందుకు లేదు? హైకోర్టుల్లో ఇలాంటి ఉత్తర్వులు ఎన్నో కూలిపోయాయి. కార్డుదారుల దగ్గర వాంగ్మూలాలు తీసుకుని వాటి ప్రతులు డీలరుకు ఇవ్వకపోవడం మరొకటి. హైదరాబాదు ఈసీఐఎల్ ఉద్యోగి కేసులో 1993లో ఐదుగురు న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనం, విచారణ నివేదిక చూపించకుండా దాని ఆధారంగా శిక్షించకూడదని చెప్పింది. ఉద్యోగానికి చెప్పిన మాటే అయినా, తెరవెనక సాక్ష్యంతో వేటు వేసే ప్రతి చోటా డీలర్ల వకీళ్లు ఆ తర్కాన్నే పట్టుకున్నారు. ఆ తీర్పు మరో మాట కూడా అంది. నివేదిక ఇవ్వనంత మాత్రాన ఉత్తర్వు దానంతటదే కూలిపోదు, ఇవ్వకపోవడం వల్ల ఏ నష్టం జరిగిందో చూడాలి. చిన్నప్పరెడ్డి మూసిన తలుపు అలా కొంచెం తెరుచుకుంది. ఈ రెండు ధోరణుల మధ్య కోర్టులు ఇవాళ్టికీ అటూ ఇటూ నడుస్తూనే ఉన్నాయి. వేయబోయే శిక్ష ఏమిటో నోటీసులోనే చెప్పాలని 2014లో ఢిల్లీ కాంట్రాక్టు కేసులో సుప్రీంకోర్టు మరో మెట్టు చేర్చింది. సంజాయిషీ అడిగి, చెప్పకుండా బ్లాక్‌లిస్టులో పెట్టడం కుదరదని దాని అర్థం.

మరి కొరత కాలపు వాదన ఏమైంది? విచారణ సాగినన్ని నాళ్లు దొంగ చేతికే బియ్యం ఇస్తూ కూర్చోవాలా? ఇక్కడ కోర్టులు అధికారుల బాధ కూడా అర్థం చేసుకున్నాయి. పంజాబు ధాన్యం వ్యాపారుల కేసులో 1980ల తొలినాళ్లలోనే, విచారణ ముగిసేదాకా కొద్దికాలం లైసెన్సును నిలిపివేయడానికి ముందస్తు నోటీసు అక్కర్లేదని సుప్రీంకోర్టు ఒప్పుకుంది. 1984లో నూనె దిగుమతుల కేసులో చిన్నప్పరెడ్డే మళ్లీ కలం పట్టి, ముందు ఆపి తర్వాత వినొచ్చు, కానీ విని తీరాలన్నారు. అందుకే మన ఊళ్లో డీలరును ముందు సస్పెండు చేసి, పక్క ఊరి డీలరుకు ఇన్‌చార్జి ఇస్తారు. కార్డుదారులకు బియ్యం ఆగదు, విచారణా ఆగదు. అంతవరకు బాగానే ఉంది. సస్పెన్షను నెలల తరబడి సాగి, విచారణ మొదలే కాకపోతే మాత్రం రద్దు చేయకుండానే రద్దు చేసినట్టవుతుంది. అలాంటప్పుడు డీలర్లు మళ్లీ కోర్టు మెట్లెక్కుతారు.

కథ ఇంకా సాగుతూనే ఉంది, ఈమధ్య ఒక కొత్త పాత్ర కూడా ప్రవేశించింది. ఉత్తరప్రదేశ్‌లో ఒక డీలరు షాపు రద్దయి మరొకరికి ఇచ్చారు. పాత డీలరు పోరాడి గెలిచాడు. అప్పుడు కొత్త డీలరు, నా మాట వినకుండా నా షాపు ఎలా తీస్తారు అని అడిగాడు. ఇలాంటి కేసులోనే 2015లో సుప్రీంకోర్టు, ఖాళీ అయిన చోట వచ్చినవారికి సొంతంగా హక్కేమీ లేదు, పాత డీలరు వ్యాజ్యంలో వారిని పిలవక్కర్లేదు అని చెప్పింది. ఏడేళ్లు తిరిగేసరికి, 2022 సెప్టెంబరులో, అదే రాష్ట్రం నుంచి అదే ప్రశ్న మళ్లీ వచ్చింది. ఈసారి న్యాయమూర్తి బి.ఆర్.గవాయ్ ధర్మాసనం ఆ పాత కేసు సంగతులు వేరని పక్కన పెట్టి, కొత్త డీలరు మాట వినకుండా హైకోర్టు ఇచ్చిన తీర్పును కొట్టేసింది. ఇప్పుడు రద్దయిన షాపు కోసం కోర్టుకెళ్లే డీలరుకు వకీలు మొదట వేసే ప్రశ్న, ఆ షాపు ఇప్పుడు ఎవరు నడుపుతున్నారని.